పాత్రలో ఒదిగిన నటుడు

భారతీయ నాట్యశాస్త్రం అభినయాన్ని ఆంగికం, వాచికం, ఆహార్యం, సాత్త్వికం అని నాలుగు విధాలుగా విభజించింది. మనసులోని భావం అప్రయత్నంగా ముఖంలో, కంఠంలో వెల్లడి కావడం సాత్త్వికం. తక్కిన మూడింటినీ అభ్యాసంతో సాధించవచ్చు. ఇది మాత్రం పాత్రతో తాదాత్మ్యం పొందిన నటునికే సిద్ధిస్తుంది. దీనికి చక్కని నిదర్శనం చెక్ నటుడు రుడాల్ఫ్ హ్రుషీన్‌స్కీ.

ఆయన 1920 అక్టోబరు 17న నాటి చెకొస్లొవేకియాలో జన్మించాడు. ఆయనది ఊరూరా తిరిగి నాటకాలు ప్రదర్శించే కుటుంబం. అందువల్ల రంగస్థలమే ఆయనకు తొలి పాఠశాల అయింది. 1939లో మార్టిన్ ఫ్రిచ్ దర్శకత్వం వహించిన ఒక హాస్యచిత్రంలో ఆయన విద్యార్థిగా నటించాడు. స్థూలకాయం, గుండ్రని ముఖం, నెమ్మదైన మాట కాలక్రమంలో ఆయన ప్రత్యేకతలయ్యాయి.

యారొస్లావ్ హాషెక్ నవల ఆధారంగా 1956లో నిర్మించిన చిత్రంలో ఆయన ష్వేయ్క్ అనే సైనికుని పాత్ర ధరించాడు. పై అధికారుల ప్రతి ఆజ్ఞనూ చిరునవ్వుతో శిరసావహిస్తూనే యుద్ధంలోని అర్థరాహిత్యాన్ని బయటపెట్టే అమాయకుడు ష్వేయ్క్. 1969లో యురాయ్ హెర్ట్స్ దర్శకత్వంలో వచ్చిన ‘శవదాహకుడు’ చిత్రంలో ఆయనది దీనికి పూర్తిగా భిన్నమైన పాత్ర. అందులోని శ్మశానోద్యోగి మృదుభాషి, కుటుంబప్రియుడు. శవాల తల దువ్విన దువ్వెనతోనే తన తలా దువ్వుకుంటాడు. నాజీల మాటలు క్రమంగా తలకెక్కగా, యూదు రక్తసంబంధం ఉన్నదన్న కారణంతో భార్యను, కుమారుని హతమారుస్తాడు. ఇంత ఘోరంలోనూ అతని కంఠం పెరగదు. ష్వేయ్క్‌లో నవ్వించిన ఆ శాంతమే ఇక్కడ భయం గొల్పుతుంది. ఈ పాత్రకు 1972లో స్పెయిన్‌లోని సీచెస్ చలనచిత్రోత్సవంలో ఆయన ఉత్తమ నటునిగా ఎంపికయ్యాడు. స్వదేశంలో మాత్రం ఆ చిత్రం నిషేధానికి గురై, 1989లో కమ్యూనిస్టు పాలన అంతమయ్యే వరకు ప్రజలకు దూరమైంది.

నిషేధం చిత్రానికే పరిమితం కాలేదు. 1968 జూన్‌లో రచయిత లూద్విక్ వాత్సులిక్ ప్రజాస్వామ్య సంస్కరణలు కొనసాగాలని కోరుతూ ‘రెండువేల మాటలు’ అనే ప్రకటన వెలువరించాడు. దానిపై హ్రుషీన్‌స్కీ సంతకం చేశాడు. అదే ఏడాది ఆగస్టులో సోవియట్ సేనలు దేశాన్ని ఆక్రమించాయి. సంతకాన్ని ఉపసంహరించుకోవాలని పాలకులు ఒత్తిడి తెచ్చినా ఆయన అంగీకరించలేదు. ఫలితంగా కొన్నేళ్లపాటు సినిమా, టెలివిజన్ ఆయనకు తలుపులు మూసుకున్నాయి. ప్రాగ్ నగరంలోని జాతీయ నాటకశాల వేదిక ఒక్కటే ఆయనకు మిగిలింది. ఒక్క మాట వెనక్కు తీసుకుంటే దక్కే అవకాశాల కంటె ఆయనకు ఆత్మగౌరవమే మిన్న అయింది.

ప్రతిభను ఎంతోకాలం అణచి ఉంచడం సాధ్యం కాదు. ఆయన మళ్లీ తెరపైకి వచ్చాడు. యిర్జీ మెంజెల్ 1985లో తీసిన ‘నా ముద్దుల చిన్న పల్లె’లో ప్రకృతి సౌందర్యంలో మైమరచి కారును ప్రమాదాల పాలు చేసే వైద్యునిగా ప్రేక్షకుల హృదయాలను చూరగొన్నాడు. 1990లో పార్లమెంటుకు ఎన్నికయ్యాడు. 1991లో యాన్ స్వెరాక్ చిత్రం ‘ప్రాథమిక పాఠశాల’లో ప్రధానోపాధ్యాయుడయ్యాడు. ఈ రెండు చిత్రాలూ ఆస్కార్ పురస్కారానికి ప్రతిపాదన పొందాయి.

1994 ఏప్రిల్ 13న ప్రాగ్‌లో ఆయన కన్నుమూశాడు. విద్యార్థి పాత్ర నుండి ప్రధానోపాధ్యాయుని పాత్ర వరకు యాభై ఏళ్లకు పైబడిన ఆ ప్రస్థానంలో ఆయన ఎన్నో వేషాలు ధరించాడు. వేదికపై ఏ పాత్రలోనైనా ఒదిగిపోయిన ఆ నటుడు, జీవితంలో మాత్రం తనది కాని పాత్రను ధరించడానికి ఒప్పుకోలేదు.