ఫెజెంటు పక్షియు, దాని పేరుగల పుట్టగొడుగును

ఉత్తర అమెరికాలోని మొక్కజొన్న పొలముల గట్లపై ఫెజెంటు అను పక్షి తిరుగుచుండును. మన నెమలియు, అడవికోడియు ఏ కుటుంబమునకు చెందినవో యిదియును ఆ కుటుంబమునకే చెందినది. కాని యిది ఆ దేశమున పుట్టిన పక్షి కాదు. షాంఘై నగరమున అమెరికా కాన్సల్‌గా నుండిన ఓవెన్ డెన్నీ 1881లో చైనానుండి కొన్ని ఫెజెంట్లను ఆరెగాన్ రాష్ట్రమునకు పంపెను. వానిలో పెక్కు దారిలోనే మరణించెను. ఆయన విసుగు చెందక మరుసటి యేడు మరల పంపగా, అవి విల్లమెట్ లోయలో నిలద్రొక్కుకొని వృద్ధి చెందెను. 1943లో దక్షిణ డకోటా దీనిని తన రాష్ట్రపక్షిగా స్వీకరించెను. పరదేశమునుండి వచ్చిన పక్షికి అంతటి గౌరవము దక్కుట వింతయే!

పుంజును గుర్తించుట సులభము. దాని తల ఆకుపచ్చగా మెరయును. కన్నుల చుట్టు ఎఱ్ఱని చర్మము, మెడకు సాధారణముగా తెల్లని పట్టెడ, రాగిరంగు రొమ్ము, మిక్కిలి పొడవైన తోక దాని గురుతులు. పెట్ట కిట్టి సొగసులు లేవు. ఎండుగడ్డిరంగు దేహముపై గోధుమరంగు మచ్చలు, నల్లని మచ్చలు కలిసియుండును. అది నేలపై గూడు కట్టి, పది పండ్రెండు గ్రుడ్లు పెట్టి, సుమారు 23 దినములు పొదుగును. అన్ని దినములును శత్రువుల కంటబడకుండ కాపాడునది ఆ మచ్చల రంగే.

దక్షిణ డకోటాలో 1919లో ఫెజెంటు వేట మొదలయ్యెను. నేడచట పుంజులను మాత్రమే వేటాడవలెనని నియమము కలదు. ఒక పుంజు పెక్కు పెట్టలతో జతకూడును గనుక, కొన్ని పుంజులు పోయినను సంతతి తగ్గదు. పెట్ట చచ్చినచో దానితో మరుసటి వసంతమున వెలయవలసిన గూడును నశించును. అయితే సంధ్యవేళ సూర్యుని కెదురుగా లేచిన పక్షి యేదైనను నల్లగనే తోచును. అందువలన అనుభవజ్ఞులు రంగునొక్కదానినే నమ్మరు. తోక పొడవును చూతురు, కూతను విందురు. పుంజు తరచు కరకుగొంతుతో కూయుచు లేచును. పెట్ట సాధారణముగా మౌనముగా నెగురును. సందేహము కలిగినచో తుపాకి దించుదురు.

ఈ పెట్ట వీపును పోలిన పుట్టగొడుగు ఒకటి కలదు. దానిని అమెరికావారు ‘ఫెజెంటు వీపు’ అందురు. లేతపసుపు గొడుగుపై గోధుమరంగు పొలుసులు ఈకలవలె పరచుకొనియుండును. వసంతకాలమున ఎల్మ్, మేపుల్ మున్నగు చెట్ల చచ్చిన మానులపై విసనకఱ్ఱ ఆకారమున పొడుచుకొనివచ్చును. 1930 మొదలుకొని ఒక తెగులు ఆ దేశపు ఎల్మ్ చెట్లను పెక్కింటిని చంపినందున, దీనికి నివాసమునకు కొఱత లేకపోయెను.

ఇచ్చటను పైరంగును మాత్రమే నమ్మరాదు. అమానిటా అను జాతిలో కొన్నింటి గొడుగులపైనను మచ్చలుండును. వానిలో ప్రాణాంతకమైన విషము గలవియు నున్నవి. ఎఱిగినవారు మొదట గొడుగును త్రిప్పి అడుగుభాగమును పరీక్షింతురు. మన పుట్టలపై తొలకరికి మొలచు గొడుగులకు అడుగున పలుచని రేకులుండును. అమానిటాకును అట్టివే యుండును. ఫెజెంటు వీపునకు రేకులుండవు. తేనెపట్టును తలపించు చిన్న రంధ్రములుండును. కాడ సాధారణముగా ఒక ప్రక్కకు ఒరిగి, మొదట నల్లబడియుండును. విఱిచి వాసన చూచినచో పుచ్చకాయ తొక్కవలెనో, దోసకాయవలెనో ఉండును. పుట్టగొడుగునుండి ఇట్టి వాసన వచ్చునని మొదట ఎవరును నమ్మరు!

ఈ లక్షణములన్నియు కలిసిన పిదపను, తెలిసినవారి కొకసారి చూపి, బాగుగా వండి తిందురు. లేతది మాత్రమే రుచి. ముదిరినదానిని ఎంత ఉడికించినను తోలువలె సాగును. అందుచే కత్తి సులభముగా దిగిన అంచును కోసికొని, తక్కినదానిని ఆ మానునకే విడిచిపెట్టుదురు.