మాటర్‌హార్న్ శిఖరారోహణ

పర్వతమనగానే మన మనస్సులో మెదిలేది హిమాలయం. ఎవరెస్టు ఎత్తు 8,848 మీటర్లు కాగా, ఐరోపాలోని ఆల్ప్స్ పర్వతాలలో ఉన్న మాటర్‌హార్న్ ఎత్తు 4,478 మీటర్లు మాత్రమే. ఆల్ప్స్‌లో సైతం ఇది అత్యున్నత శిఖరం కాదు; ఆ గౌరవం మోంట్ బ్లాంక్‌కు దక్కింది. అయినప్పటికీ పర్వతారోహణ చరిత్రలో మాటర్‌హార్న్‌కు ఉన్నంత ప్రఖ్యాతి బహు కొద్ది శిఖరాలకే ఉంది. అందుకు దాని ఆకృతి ఒక కారణం. 1865 జూలై 14న అక్కడ తెగిన ఒక తాడు మరొక కారణం.

స్విట్జర్లాండ్, ఇటలీ దేశాల సరిహద్దు ఈ శిఖరం మీదుగా సాగుతుంది. ఉత్తరాన స్విట్జర్లాండ్ వైపు లోయలో జెర్మాట్, దక్షిణాన ఇటలీ వైపు బ్రోయ్ గ్రామాలున్నాయి. జర్మన్ భాషలో 'మాటె' అంటే పచ్చిక బయలు, 'హార్న్' అంటే కొమ్ము. ఇటాలియన్లు దీనిని చెర్వీనో అంటారు. దీని నాలుగు ముఖాలు ఇంచుమించు నాలుగు దిక్కులకు తిరిగి ఉంటాయి. ముఖాలు కలిసే చోట నాలుగు వాడి అంచులు ఏర్పడ్డాయి. హిమానీనదాలు అన్ని వైపుల నుంచి శిలను తొలిచివేయగా మిగిలిన రూపమిది. పొరుగు శిఖరాలేవీ ఆనుకొని లేనందున ఏకాకిగా, ఆలయ గోపురంవలె నిలిచి కనిపిస్తుంది. దీని దిగువన ప్రాచీన సముద్రగర్భపు శిలలున్నాయి. భూఫలకాలు ఢీకొన్నప్పుడు ఆఫ్రికా వైపు ఫలకానికి చెందిన శిలలు వాటిపైకి జరిగి పై భాగమయ్యాయి. స్విట్జర్లాండ్‌కు చిహ్నంగా లోకమంతా ఎరిగిన ఈ కొండ కొన, పుట్టుకను బట్టి చూస్తే ఆఫ్రికాకు బంధువన్నమాట!

చెక్కపలకలపై బొమ్మలు చెక్కే వృత్తి గల ఎడ్వర్డ్ వింపర్, 1860లో ఆల్ప్స్ దృశ్యాలను చిత్రించడానికి లండన్ నుంచి వచ్చాడు. వచ్చిన పని ఒకటి, పట్టుకొన్న వ్యసనం మరొకటి. ఇటలీ వైపు నుంచి పలుమార్లు మాటర్‌హార్న్‌పై ప్రయత్నించి విఫలుడయ్యాడు. 1862లో ఒంటరిగా దిగుతూ జారిపడి, గాయాలతో బ్రతికి బయటపడ్డాడు. ఆ ప్రయత్నాలలో కొన్నింట అతనికి తోడుగా నిలిచినవాడు జాన్ ఆంత్వాన్ కారెల్. ఆయన ఆ లోయకు చెందిన తాపీపనివాడు, వేటగాడు. తన కొండను తన వైపు నుంచే, తనవారితోనే ఎక్కాలన్నది ఆయన పట్టుదల.

1865 జూలైలో కారెల్ ఒక ఇటాలియన్ బృందంతో బయలుదేరాడు. ఆ సంగతి ఆలస్యంగా తెలిసిన వింపర్ హుటాహుటిన కనుమ దాటి జెర్మాట్ చేరాడు. అక్కడి నుంచి చూస్తే తూర్పు ముఖం నిట్టనిలువు గోడలా కనిపిస్తుంది. కాని పక్క నుంచి చూస్తే దాని వాలు అంత తీవ్రం కాదని, రాతిపొరలు లోపలికి వంగి మెట్లలా ఉన్నాయని వింపర్ గ్రహించాడు. అతని విజయానికి మూలం ఈ పరిశీలనే. దొరికినవారితో బృందం కుదిరింది: చార్లెస్ హడ్సన్, ఫ్రాన్సిస్ డగ్లస్, పందొమ్మిదేండ్ల డగ్లస్ హేడో, మార్గదర్శి మిషెల్ క్రోజ్, జెర్మాట్‌కు చెందిన పీటర్ టౌగ్‌వాల్డర్ తండ్రీకొడుకులు. హేడోకు అనుభవం అంతంతమాత్రమే.

జూలై 14 మధ్యాహ్నం వారు ఈశాన్యపు అంచు మీదుగా శిఖరాన్ని చేరారు. ఇటలీ వైపు చాలా దిగువన కారెల్ బృందం కనిపించింది. వారి దృష్టి మళ్లేందుకు వీరు రాళ్లు దొర్లించారు. కారెల్ వెనుదిరిగాడు.

దిగేటప్పుడు అందరూ ఒకే తాడుకు కట్టుకొన్నారు. ముందు క్రోజ్, తరువాత హేడో, హడ్సన్, డగ్లస్, పెద్ద టౌగ్‌వాల్డర్, వింపర్, చివర చిన్న టౌగ్‌వాల్డర్. క్రోజ్ తన మంచుగొడ్డలిని పక్కన పెట్టి, హేడో పాదాలను ఒక్కొక్కటిగా సరైన చోట నిలుపుతూ వచ్చాడు. అంతలో హేడో జారి క్రోజ్‌పై పడ్డాడు. ఆ ఊపుకు హడ్సన్, డగ్లస్ కూడా కొట్టుకుపోయారు. పైనున్న ముగ్గురూ రాళ్లను గట్టిగా పట్టుకొన్నారు. డగ్లస్‌కు, పెద్ద టౌగ్‌వాల్డర్‌కు నడుమ తాడు తెగింది. నలుగురూ ఉత్తర ముఖం మీదుగా 1,200 మీటర్ల దిగువన ఉన్న హిమానీనదంపై పడిపోయారు. డగ్లస్ దేహం నేటికీ దొరకలేదు.

ప్రాణం దక్కించుకొనేందుకు టౌగ్‌వాల్డరే తాడు కోశాడని వదంతి పుట్టింది. విచారణలో ఆయన దోషి కాదని తేలింది. తెగినది వారు తెచ్చిన మూడు రకాల తాళ్లలోకెల్లా బలహీనమైనది. గట్టి తాడు వాడకుండా మిగిలే ఉంది. బలహీనమైన తాడును కావాలనే ఎంచుకొన్నాడేమోనన్న అనుమానానికి వింపర్ రచన కూడా చోటిచ్చింది. కాని ఆ తాళ్లను తెచ్చినది వింపరే. తాళ్లు కట్టుకొంటున్న వేళ ఆయన శిఖరాన్ని చిత్రించుకొంటున్నాడు. అపవాదు మాత్రం ఆ గ్రామీణ మార్గదర్శిని జీవితాంతం వెన్నాడింది. తెగిన తాడు ముక్క జెర్మాట్ మ్యూజియంలో ఉంది.

జూలై 17న కారెల్ ఇటలీ వైపు నుంచి శిఖరాన్ని చేరాడు. 1871లో లూసీ వాకర్ ఈ శిఖరాన్ని ఎక్కిన తొలి మహిళ అయింది. 1931లో మ్యూనిక్ నుంచి సైకిళ్లపై వచ్చిన ష్మిడ్ సోదరులు ఉత్తర ముఖాన్ని జయించారు. వింపర్, కారెల్ మళ్లీ కలిసి 1880లో దక్షిణ అమెరికాలోని చింబొరాజోను అధిరోహించారు. 1890లో మాటర్‌హార్న్‌పై తుపాను చుట్టుముట్టగా, కారెల్ తన వెంట వచ్చినవారిని క్షేమంగా కిందికి చేర్చి, అలసటతో ఆ కొండ పాదాన ప్రాణం విడిచాడు.