హైస్కూలు చరిత్రలో ఆటస్థలం



తాను చదివిన హైస్కూలు చరిత్ర రాయడానికి పూనుకొన్న విద్యార్థి సాధారణంగా స్థాపించిన సంవత్సరం, హెడ్మాస్టర్ల వరుస, పేరు తెచ్చుకొన్న పూర్వ విద్యార్థుల జాబితా రాసి కలం పక్కన పెడతాడు. ఆటల సంగతి వార్షికోత్సవ నివేదికలో ఒక పేరాగా మిగిలిపోతుంది. నెల్లూరు తీరంలోని బడులకు ఈ పద్ధతి చాలదు. బడి ఎవరి డబ్బుతో నడిచింది, ఎవరి పిల్లలను చేర్చుకొంది, ఎవరిని గేటు బయట నిలబెట్టింది అన్న ప్రశ్నలకు తరగతి గదికన్నా ఆటస్థలమే సూటిగా జవాబు చెబుతుంది.

నెల్లూరు వి.ఆర్. హైస్కూలునే తీసుకోవచ్చు. వి.ఆర్. అంటే వెంకటగిరి రాజా. వెలుగోటి వంశపు జమీందారుల పోషణ వల్ల ఆ పేరు వచ్చింది. 1854 నాటి ఉడ్స్ డిస్పాచ్ తర్వాత మద్రాసు రాజధానిలో గ్రాంట్-ఇన్-ఎయిడ్ పద్ధతి, అంటే స్థానికులు నడిపే బడికి కొన్ని షరతుల మీద సర్కారు కొంత ఖర్చు భరించే ఏర్పాటు, వేళ్లూనుకొంది. 1875లో మొదలైన ఈ బడి ఆ కాలపు బిడ్డే. 1920లో దానికి తోడుగా కళాశాల వచ్చింది. మాజీ ఉపరాష్ట్రపతి ఎం. వెంకయ్యనాయుడు ఇక్కడ చదివారన్న మాట రాయడం తేలిక. కొన్నేళ్లు మూతపడిన బడి 2025 జూలైలో మునిసిపల్ హైస్కూలుగా మళ్లీ తెరుచుకొందన్న మాట కూడా తేలికే. ఈ నూటయాభై ఏళ్లలో అక్కడి పిల్లలకు ఒళ్లు వంచడం ఎవరు నేర్పారన్నది మాత్రం వెతికితే గాని దొరకదు.

ఆ వెతుకులాట డ్రిల్లు మాస్టారి దగ్గర మొదలు కావాలి. డ్రిల్లు అంటే వరుసగా నిలబడి, ఒకే పిలుపుకు అందరూ ఒకేలా కదిలే కసరత్తు. సైనిక శిక్షణ నుంచి బడిలోకి వచ్చిన ఈ పద్ధతిలో ఆట తక్కువ, అదుపు ఎక్కువ. కలియుగ భీముడుగా పేరుపడ్డ కోడి రామమూర్తినాయుడు మద్రాసు సైదాపేటలో వ్యాయామ శిక్షణ పొంది, తాను చదివిన విజయనగరం హైస్కూలులోనే వ్యాయామోపాధ్యాయుడుగా చేరిన సంగతిని బట్టి, ఆనాటి బడులకు మాస్టర్లు ఏ దారిన వచ్చేవారో తెలుస్తుంది. 1920లో హ్యారీ క్రో బక్ అనే అమెరికన్ మద్రాసులో వై.ఎం.సి.ఎ. వ్యాయామ విద్యా కళాశాలను నెలకొల్పాక ఆ దారి రాజమార్గమైంది. 1924 పారిస్ ఒలింపిక్స్‌కు వెళ్లిన భారత జట్టు వెంట ఉన్నదీ ఆయనే. డ్రిల్లు స్థానంలోకి వాలీబాల్, పరుగు పందేలు, దూకుళ్లు రావడానికి ఇటువంటి శిక్షణే కారణం. అయినా సిలబస్ పూర్తికాని లెక్కల మాస్టారు ఆటల పిరియడును అడిగి పుచ్చుకోవడమనే ఆచారాన్ని ఏ శిక్షణా మాన్పించలేకపోయింది.

1959లో జిల్లా బోర్డుల స్థానంలో జిల్లా పరిషత్తులు ఏర్పడి పల్లె హైస్కూళ్లు వాటి చేతికి వచ్చాయి. జెడ్పీ హైస్కూలు అన్న పేరు అక్కడిదే. జమీందారు బడికి లేని పేదరికం ఈ బడికి ఉంది. కనుక సామాను అక్కరలేని ఆటలే, ముఖ్యంగా కబడ్డీ, ఖోఖో, దీని సొంతమయ్యాయి. తెలుగు పల్లెలు చెడుగుడు అని పిలుచుకొనే కబడ్డీ 1936 బెర్లిన్ ఒలింపిక్స్ వేళ ప్రదర్శనగా, 1990 బీజింగ్ ఆసియా క్రీడల్లో పతకాల పోటీగా కనబడింది. బడిలో మాత్రం దానికి కావలసింది చదునుచేసిన నేల, ఒక గీత, ఒక విజిలు.

పరుగు పందేనికి అంత తేలికగా కుదరదు. నాలుగు వందల మీటర్ల ట్రాక్‌కు చోటున్న బడులు తక్కువ కాబట్టి పీఈటీ మాస్టారు రెండు వందల మీటర్ల ట్రాక్ గీస్తాడు. ఇరువైపులా నలభై మీటర్ల చొప్పున తిన్నని భాగం పెడితే, మిగిలిన 120 మీటర్లు రెండు చివరల అర్ధవలయాల్లో సర్దాలి. దానికి 19.10 మీటర్ల వ్యాసార్ధం కావాలి. అయితే సున్నపు గీత మీద ఎవరూ పరుగెత్తరు, గీతకు 20 సెంటీమీటర్ల అవతల పరుగెత్తుతారని నియమం లెక్కిస్తుంది. కాబట్టి అర్ధవలయం గీయడానికి మేకుకు కట్టే తాడు పొడవు 18.90 మీటర్లే. ఇక స్టాగర్, అంటే బయటి వరుసలో పరుగెత్తే పిల్లవాడికి ఎక్కువ దూరం పడకుండా అతణ్ని ముందుకు జరిపి నిలబెట్టడం. 1.22 మీటర్ల వెడల్పున్న వరుసలైతే ఒక పూర్తి చుట్టుకు ఒక్కో వరుసకు సుమారు 7.66 మీటర్లు జరపాలి. ట్రాక్ చిన్నదైనా పెద్దదైనా ఈ అంకె మారదన్న సంగతి జ్యామితి పాఠంలో కన్నా నేల మీద బాగా అర్థమవుతుంది. చరిత్ర రాసేవాడు పాత పందేల సమయాలను పోల్చే ముందు ఆ గీతలు ఎలా గీశారో అడిగి తెలుసుకోవాలి. తాడు జానెడు తగ్గినా రికార్డు రికార్డు కాదు.

తీరానికి వచ్చేసరికి చిక్కులు వేరు. నెల్లూరుకు ముఖ్యమైన వానలు ఈశాన్య రుతుపవనాలవి. అక్టోబరు నుంచి డిసెంబరు దాకా గీసిన సున్నం నిలవదు. అంతకన్నా పెద్ద చిక్కు దూరం. సముద్రపు ఒడ్డున ఉండే పట్టపుపాలేల, అంటే జాలరి పల్లెల, పిల్లలకు హైస్కూలు ఊళ్లో ఉంటుంది, సాధన ఆఖరి గంట కొట్టాక ఉంటుంది, అప్పటికి వాళ్ల ఆటో వెళ్లిపోతుంది. ఒడ్డు నుంచి అలివి వల లాగడంలో పెద్దలతోపాటు చెయ్యి వేసి, ఇసుకలో కాలు నిలదొక్కుకోవడం నేర్చిన పిల్లవాడు జట్టులో లేకపోతే, అతనికి ఆసక్తి లేదని రాయడం కన్నా ఆటో వేళ కనుక్కోవడం న్యాయం.

ఆడపిల్లల ఆటల చరిత్ర ఇంకా కష్టం. పొణకా కనకమ్మ 1923లో నెల్లూరులో కస్తూరిదేవి విద్యాలయాన్ని స్థాపించడం, 1929లో దాని భవనానికి గాంధీజీ శంకుస్థాపన చేయడం గ్రంథస్థమైన విషయాలు. ఏ బడిలో ఏ పిల్ల ఎంత దూరం దూకిందన్నది మాత్రం హెడ్మాస్టరు గది బీరువాలోని షీల్డు మీద ఒక ఇంటిపేరుగా మిగులుతుంది, పెళ్లితో ఆ ఇంటిపేరూ మారిపోతుంది. అటువంటి పేరు కనబడినప్పుడు అడ్మిషన్ రిజిస్టరులో తండ్రి పేరు, ఊరు చూసుకొని, ఆ ఊరికి వెళ్లి అడగడం ఒక్కటే మార్గం. యంత్రపు పడవల చేపల వేటపై నిషేధం అమల్లో ఉండే ఏప్రిల్ 15, జూన్ 14 మధ్య, అంటే దాదాపు వేసవి సెలవుల్లోనే, ఆ పని పెట్టుకొంటే పాలేల్లో పెద్దలు ఇంటిపట్టున దొరుకుతారు.