కాలిలో గడ్డకట్టిన రక్తం - కోత లేకుండా తీసే వైద్యం



కొన్ని నెలల క్రితం ఒక ఆదివారం సాయంత్రం ఒక తల్లి తన కూతురిని ఆటోలో మన ఆసుపత్రికి తీసుకొచ్చింది. ఆ అమ్మాయికి సిజేరియన్ అయి 12 రోజులు. ఎడమ కాలు గజ్జ నుండి పాదం వరకు వాచి, చర్మం బిగుసుకుని, నీలం రంగుకు తిరిగి ఉంది. వాపు మొదలై రెండు రోజులైనా “బాలింత ఒంటికి నీరు పట్టింది, అదే తీస్తుంది” అనుకుని ఇంట్లో వేడి నూనెతో మర్దన చేశారు. స్కాన్ తీస్తే తొడలోను, పొత్తికడుపులోను ఉండే పెద్ద సిరలో రక్తం గడ్డకట్టి ఉంది. డాక్టరు గారు వెంటనే ఇంజెక్షను మొదలుపెట్టి, పెద్ద ఆసుపత్రికి వెళ్ళాలని, అక్కడ సన్నని గొట్టంతో ఆ గడ్డను తీస్తారని చెప్పారు. ఆ తల్లి నా చెయ్యి పట్టుకుని, “కాలు కోసేస్తారా సిస్టరమ్మా? చంటిబిడ్డ తల్లి కదమ్మా!” అని ఏడ్చింది.

ఆ తొందరలో ఆమెకు రెండు మాటలు మాత్రమే చెప్పగలిగాను. మిగిలినది ఇక్కడ మీ అందరికీ వివరంగా చెబుతున్నాను.

నేను ఉద్యోగంలో చేరిన కొత్తలో, వేరొక ఊరి ఆసుపత్రిలో, తొడ ఎముక విరిగి మంచం మీద ఉన్న ఒక పెద్దాయన నా వార్డులో ఉండేవారు. ఒక రాత్రి బాగున్న కాలి పిక్క లాగుతోందన్నారు. ఆయన భార్య కాలు పిసుకుతూ కూర్చుంది. నేను చూశాను. ఒకే తీరుగా పడుకోవడం వల్ల నొప్పి అనుకున్నాను. చార్టులో రాయలేదు, డాక్టరుకు చెప్పలేదు. తెల్లవారి ఆయనకు ఒక్కసారిగా ఆయాసం వచ్చి, మేము ఆక్సిజన్ పెట్టేలోపే ప్రాణం పోయింది. పిసకడం వల్లే అలా జరిగిందని నేను చెప్పలేను. కాని పిక్క నొప్పిని రాయకపోవడం నా తప్పు. అప్పటి నుండి ఒక కాలు నొప్పి అన్న రోగి దగ్గర రెండు కాళ్ళూ పోల్చి చూడకుండా నేను ముందుకు కదలను.

గడ్డ ఎందుకు కడుతుంది?

గాయమైనప్పుడు రక్తం గడ్డకట్టడం మనకు మేలు. అదే రక్తం గాయం లేనిచోట, సిర లోపల గడ్డకడితే ప్రమాదం. జర్మనీ వైద్యుడు రుడాల్ఫ్ విర్కో 1856లో ప్రచురించిన పరిశోధనల నుండి నేటికీ మనం మూడు కారణాలు చెప్పుకుంటున్నాము: రక్తం కదలక నిలిచిపోవడం, రక్తనాళం గోడ దెబ్బతినడం, రక్తానికి గడ్డకట్టే గుణం పెరగడం.

బాలింతలో ఈ మూడూ కలిసి వస్తాయి. గర్భంలో రక్తానికి గడ్డకట్టే గుణం సహజంగానే పెరుగుతుంది, కాన్పు తరువాత కూడా సుమారు ఆరు వారాలు ఆ ప్రమాదం ఉంటుంది. ఆపరేషను అయితే ఇంకా ఎక్కువ. దానికి తోడు మన ఇళ్ళలో బాలింతను మంచం దిగనివ్వరు, నీళ్ళు తాగనివ్వరు. ఆ పథ్యం ప్రేమతో పెట్టేదే, కాని రక్తం నిలిచిపోవడానికి, చిక్కబడడానికి దారి చేస్తుంది. ఎడమ కాలికే ఎక్కువగా రావడానికీ కారణం ఉంది. పొత్తికడుపులో ఎడమ కాలి సిర మీదుగా కుడి కాలి ధమని దాటి వెళుతుంది. కొందరిలో అది సిరను నొక్కివేస్తుంది.

పెద్ద ఆపరేషన్లు, ఎముకలు విరగడం, క్యాన్సరు, పక్షవాతంతో మంచాన పడడం, గంటల తరబడి కదలకుండా ప్రయాణం, కొన్ని రకాల గర్భనిరోధక మాత్రలు, ఇంతకుముందు గడ్డ కట్టి ఉండడం కూడా కారణాలే.

ఎలా గుర్తించాలి?

ఒక కాలు మాత్రమే వాచడం, పిక్కలో గాని తొడలో గాని నొప్పి, వేడి, రంగు మారడం ముఖ్యమైన గుర్తులు. మన కోస్తా జిల్లాల్లో ఒక కాలు వాచిందంటే బోదకాలు అనుకుంటారు. బోదకాలు వాపు సాధారణంగా నెలలు, సంవత్సరాల మీద పెరుగుతుంది. గడ్డ వల్ల వచ్చే వాపు గంటల్లో, రోజుల్లో పెరుగుతుంది. తేడా చెప్పేది డాప్లర్ స్కాన్. దానికి సూది లేదు, నొప్పి లేదు.

గడ్డలో ముక్క తెగి గుండె మీదుగా ఊపిరితిత్తులకు చేరితే ఆకస్మిక ఆయాసం, ఊపిరి పీల్చినప్పుడు ఛాతీలో పోటు, దగ్గులో రక్తం, సొమ్మసిల్లడం కనిపిస్తాయి. ఆ స్థితిలో ఒక్క నిమిషం కూడా ఇంట్లో ఉండకూడదు.

అందరికీ గొట్టం అవసరమా?

అవసరం లేదు. ఎక్కువమందికి రక్తాన్ని పలచబరిచే మందులే సరిపోతాయి. మొదట పొట్ట చర్మం కింద హెపారిన్ జాతి ఇంజెక్షన్లు, తరువాత మాత్రలు, సాధారణంగా కనీసం మూడు నెలలు. ఈ మందులు గడ్డను కరిగించవు. అది పెరగకుండా ఆపుతాయి, శరీరమే దాన్ని నెమ్మదిగా కరిగించుకుంటుంది. పాలిచ్చే తల్లులు హెపారిన్, వార్‌ఫరిన్ వాడవచ్చు. కొత్త రకం మాత్రలు వారికి సాధారణంగా ఇవ్వరు. కాబట్టి పాలిస్తున్నానని డాక్టరుకు తప్పక చెప్పండి.

అమెరికాలో 692 మంది రోగులతో జరిగిన పెద్ద పరిశోధన ఫలితాలు 2017లో వెలువడ్డాయి. మామూలు మందులకు తోడు గొట్టం ద్వారా కరిగించే మందు ఇచ్చినా, మొత్తం మీద చూస్తే కాలిలో దీర్ఘకాలం మిగిలే వాపు, నొప్పి తగ్గలేదు. రక్తస్రావం మాత్రం ఎక్కువైంది. అందుకే వైద్యులు మనిషిని చూసి ఎంచుతారు. గడ్డ తొడ పైభాగంలో, పొత్తికడుపులో ఉండి, వాపు తీవ్రంగా ఉంటే, అది కొత్తదైతే, అంటే రెండు వారాల లోపుదైతే, రక్తస్రావం భయం తక్కువైతే గొట్టం వైద్యం ఆలోచిస్తారు. కాలు నీలంగా మారి కాలికే ముప్పు వచ్చినప్పుడు తొందరగా చేయవలసి ఉంటుంది. డాక్టరు “మీకు మందులు చాలు” అంటే, డబ్బు లేదని తక్కువ వైద్యం చేస్తున్నారని అనుకోకండి.

గొట్టంతో ఎలా తీస్తారు?

ఎక్స్‌రే తెర ఉన్న ప్రత్యేక గదిలో, ఇంటర్వెన్షనల్ రేడియాలజిస్టు గాని, రక్తనాళాల సర్జను గాని చేస్తారు. తరచుగా రోగిని బోర్లా పడుకోబెట్టి, మోకాలి వెనుక చర్మానికి మత్తు సూది ఇస్తారు. స్కానులో చూస్తూ సిరలోకి సూది పెట్టి, దాని గుండా సన్నని తీగ, తీగ మీదుగా గొట్టం పంపుతారు. ఆ గొట్టాన్నే కాథెటర్ అంటాము. రంగు మందు ఎక్కించగానే సిర తెర మీద కనిపిస్తుంది. గడ్డ ఉన్నచోట రంగు ఆగిపోతుంది. ఆ తరువాత మూడు దారులు:

1. చిన్న చిన్న రంధ్రాలున్న గొట్టాన్ని గడ్డ మధ్యలో ఉంచి, కరిగించే మందును చుక్కలుగా సుమారు ఒక రోజు పాటు ఎక్కించడం.

2. గొట్టంతో గడ్డను పీల్చివేయడం, లేదా వల వంటి సాధనంతో పట్టి బయటకు లాగడం.

3. పై రెండూ కలిపి చేయడం. సిర నొక్కుకుపోయి ఉంటే బెలూనుతో వెడల్పు చేసి స్టెంట్ పెట్టడం.

ఆ బాలింతకు రెండవ దారి ఎంచుకున్నారు. ఆమె కడుపు మీద కోత ఇంకా పచ్చిగానే ఉంది కదా, కరిగించే మందు ఇస్తే అక్కడ రక్తస్రావం కావచ్చు.

రోగికి సూది గుచ్చినప్పటి నొప్పి, లోపల కొంచెం ఒత్తిడి, రంగు మందు వెళ్ళినప్పుడు ఒళ్ళంతా వెచ్చగా అయినట్లు తెలుస్తుంది. పెద్ద కోత, కుట్ల వరుస ఉండవు. తరువాత నర్సు పదేపదే వచ్చి బి.పి., నాడి, సూది పెట్టిన చోటు, మూత్రం రంగు, చిగుళ్ళు చూస్తుంది. విసుక్కోకండి, రక్తస్రావాన్ని మొదట్లోనే పట్టుకోవడానికే అది. తలనొప్పి, వాంతి, మాట తడబడడం, కట్టు తడవడం ఏది జరిగినా వెంటనే పిలవండి. మెదడులో రక్తస్రావం అరుదు, కాని జరిగితే ప్రమాదకరం. రంగు మందు వల్ల కొందరికి అలర్జీ, మూత్రపిండాలకు ఇబ్బంది రావచ్చు. కాబట్టి పాత అలర్జీలు, కిడ్నీ జబ్బు, షుగరు మాత్రలు, గర్భం సంగతి ముందే చెప్పండి. సంతకం పెట్టే ముందు సందేహాలన్నీ అడగండి. గడ్డ తీసిన తరువాత కూడా పలచబరిచే మందు వాడాలి. మానేస్తే అదే చోట మళ్ళీ కడుతుంది.

ఈ దారి చూపినవారు

1929లో జర్మనీలోని ఎబర్స్‌వాల్డేలో వెర్నర్ ఫోర్స్‌మన్ అనే యువ వైద్యుడు చేతి సిర గుండా గుండెకు గొట్టం పంపవచ్చని నమ్మాడు. పైవారు ఒప్పుకోలేదు. పరికరాల తాళంచెవి గెర్డా డిట్సెన్ అనే నర్సు దగ్గర ఉంది. “ముందు నా మీద చేయండి” అని ఆమె ముందుకు వచ్చింది. అతడు ఆమెను బల్లకు కట్టి, ఆమెకు చేస్తున్నట్లు నటించి, గొట్టాన్ని తన చేతిలోకే ఎక్కించుకున్నాడు. తరువాత ఇద్దరూ ఎక్స్‌రే గదికి నడిచి వెళ్ళారు. 1956లో అతనికి నోబెల్ బహుమతి వచ్చింది. మరొకరు అమెరికాకు చెందిన థామస్ ఫోగర్టీ. రబ్బరు గ్లౌజు వేలికొనను గొట్టం చివర కట్టి బెలూను చేశాడు. గొట్టాన్ని గడ్డ దాటించి, బెలూను ఉబ్బించి, గడ్డను వెనక్కి లాగే ఆ పద్ధతి 1963లో ప్రచురితమైంది.

గడ్డ ధమనిలో ఉంటే

పై సంగతులు సిరల గురించి. రక్తాన్ని గుండె నుండి తీసుకువెళ్ళే ధమని మూసుకుపోతే కాలు వాచదు. ఒక్కసారిగా తీవ్రమైన నొప్పి వచ్చి, కాలు పాలిపోయి చల్లబడి మొద్దుబారుతుంది. అప్పుడు మనకు రోజులు లేవు, గంటలే ఉన్నాయి.

మెదడు ధమని మూసుకుంటే పక్షవాతం. అక్కడ లెక్క నిమిషాల్లోనే. మూతి వంకర, చెయ్యి పడిపోవడం, మాట తడబడడం కనిపించగానే సి.టి. స్కాన్ ఉన్న ఆసుపత్రికి వెళ్ళాలి. రక్తం చిట్లడం వల్ల కాదని స్కానులో తేలితే, తగినవారికి నాలుగున్నర గంటల లోపు కరిగించే ఇంజెక్షను ఇస్తారు. పెద్ద ధమని మూసుకుంటే గొట్టంతో గడ్డ తీస్తారు. నెదర్లాండ్స్‌లో 500 మందితో జరిగి 2015లో వెలువడిన పరిశోధనలో, మామూలు వైద్యం మాత్రమే పొందినవారిలో 100కి 19 మంది మూడు నెలలకు తమ పనులు తాము చేసుకోగలిగారు. దానికి తోడు గడ్డను కూడా తీయించుకున్నవారిలో 100కి సుమారు 33 మంది. వారందరికీ ఆరు గంటల లోపే వైద్యం మొదలైంది. స్కాన్ చూసి ఎంచిన కొందరికి 24 గంటల వరకు కూడా మేలు జరుగుతుందని 2018 నాటి పరిశోధనలు చెప్పాయి. అయినా ముందు వచ్చినవారికే ఎక్కువ మేలు. కనుక “చివరిసారి ఎన్ని గంటలకు బాగున్నారు?” అన్న ప్రశ్నకు జవాబు కాగితం మీద రాసి తీసుకురండి.

ఇంట్లో గుర్తుంచుకోండి

1. ఒక కాలు కొత్తగా వాస్తే పిసకకండి, నూనె మర్దన, వేడి కాపడం వద్దు. అదే రోజు డాక్టరుకు చూపించండి.

2. ఆయాసం, ఛాతీ నొప్పి, పక్షవాతం గుర్తులు ఉంటే 108కి ఫోన్ చేయండి. పక్షవాతం రోగికి నోట్లో నీళ్ళు, మాత్రలు వేయకండి.

3. కాన్పు, ఆపరేషను తరువాత డాక్టరు ఒప్పుకోగానే నడిపించండి. బాలింతకు దాహానికి తగినన్ని నీళ్ళు ఇవ్వండి.

4. మంచం మీద ఉన్నవారు పాదాలను పైకీ కిందికీ ఆడించాలి. దూర ప్రయాణంలో లేచి నాలుగు అడుగులు వేయండి.

5. పలచబరిచే మందు వాడుతున్నవారు నొప్పి మాత్రలు, నాటు మందులు సొంతంగా వేసుకోకండి. పన్ను పీకించుకునేటప్పుడు కూడా ముందే చెప్పండి. వార్‌ఫరిన్ వాడేవారు రక్తపరీక్ష తేదీ తప్పకండి.

ఆ అమ్మాయి వారం తరువాత తన కాళ్ళ మీద నడిచి ఇంటికి వెళ్ళింది. పోయిన నెల బిడ్డకు టీకా వేయించడానికి వచ్చింది. ఇంకా మాత్రలు వాడుతోంది, సాయంత్రానికి పాదం కొంచెం బరువెక్కుతుందని చెప్పింది. ఆమె తల్లి నవ్వుతూ, “మా వీధిలో ఎవరి కాలు వాచినా ఇప్పుడు నేనే పోట్లాడి ఆసుపత్రికి పంపుతున్నాను సిస్టరమ్మా” అంది.

ఇది చదివిన మీరు కూడా ఆ తల్లిలాగే చేయండి. రెండు కాళ్ళూ పోల్చి చూడడానికి డాక్టరు చదువు అక్కరలేదు.