మన పొలంలోని రూతు



సాగర్ ఎడమ కాల్వకు నీళ్లు వదిలితే మునగాల, కోదాడ, మిర్యాలగూడ ప్రాంతాల్లో నాట్లు మొదలవుతాయి. ఊరి కూలీలు చాలనప్పుడు బయటినుండి ముఠాలు వస్తాయి. ఎకరానికింత అని గుత్త మాట్లాడుకొని డబ్బు మేస్త్రీ చేతికిస్తాం. రోజంతా బురదలో నడుము వంచిన స్త్రీకి అందులో ఎంత ముట్టింది? మనం అడగం. పరాయి ఊళ్లో ఆమె అడగలేదు.

రూతు గ్రంథము 2వ అధ్యాయం చదవండి. మోవాబు దేశపు విధవరాలైన రూతు బేత్లెహేముకు వలసవచ్చి, పరిగె ఏరి అత్తను పోషించింది. ఆమె జోలికి పోరాదని బోవసు పనివారిని ఆజ్ఞాపించాడు. త్రాగడానికి నీళ్లు చూపాడు, తనవారితోపాటు భోజనం పెట్టాడు. ఆ రూతు వంశంలోనే క్రీస్తు ప్రభువు జన్మించారు (మత్తయి 1:5).

పరదేశియైన కూలివానికి సైతం ప్రొద్దు గ్రుంకకముందే కూలి ఇవ్వాలని ద్వితీయోపదేశకాండము (24:14-15) ఆదేశిస్తున్నది. వలసవచ్చిన పనివారిని స్థానికులకంటె తక్కువ చేయరాదని రెండవ జాన్ పౌలు పోపుగారు మానవ శ్రమను గూర్చిన 1981 విశ్వలేఖలో బోధించారు. ఒకే పనికి స్త్రీపురుషులకు సమాన వేతనమివ్వాలని మన దేశం 1976లోనే చట్టం చేసింది.

కాబట్టి ఈసారి నాట్లప్పుడు గుత్త డబ్బు ముఠా అందరి ఎదుట లెక్కించి ఇవ్వండి. ఎవరికెంత ముట్టిందో ఆ స్త్రీలనే అడగండి. మంచినీళ్లు, నీడ, చాటు చూపండి.

ఈ రాత్రి కుటుంబ ప్రార్థనలో ఆలోచించండి: మన పొలంలో రూతు కూలి ఎవరి చేతిలో పడుతున్నది?