అరచేతిలో రక్తనాళం తెగితే ఏ కోడ్?
మెడికల్ కోడింగ్ వైపు చూస్తున్న అనంత విద్యార్థులకు

ఏడాదికి సగటున 550 మిల్లీమీటర్ల వాన కురిసే అనంతపురం నేల మీద వేరుశనగ ఎండిపోయిన ఏడు చాలా ఇళ్లను నిలబెట్టేది పాడి. కొట్టం పక్కనే కరెంటుతో తిరిగే చాఫ్ కట్టర్ ఉంటుంది. జొన్న చొప్ప లోపలికి తోస్తూ చేయి కాస్త ముందుకు పోయిందంటే బ్లేడు అరచేతిని చీల్చేస్తుంది. అలాంటి కేసులో ఆపరేషన్ అయ్యాక డాక్టర్ రాసే నోట్ దాదాపు ఇలా ఉంటుంది: ‘చాఫ్ కట్టర్‌లో ఎడమ చేయి పడింది. అరచేతిలో లోతైన గాయం. సూపర్‌ఫిషియల్ పామర్ ఆర్చ్ పూర్తిగా తెగింది. గాయంలో చొప్ప ముక్కలు. టెండన్లు బాగున్నాయి. రక్తనాళం కుట్టాం.’

ఈ ఆరు వాక్యాలను కోడ్‌లుగా మార్చడమే మెడికల్ కోడర్ పని. బైపీసీ తర్వాత ఎంబీబీఎస్ సీటు రానివాళ్లు, బీఎస్సీ, బీఫార్మసీ, నర్సింగ్, ఫిజియోథెరపీ చేసినవాళ్లు ఇప్పుడు ఎక్కువగా అడుగుతున్న ఉద్యోగం ఇది. ‘కోడ్‌లన్నీ బట్టీ పట్టాలా సార్?’ అన్నదే చాలామంది మొదటి ప్రశ్న. అక్కర్లేదు. పుస్తకం ఎలాగూ చేతిలోనే ఉంటుంది. మీ దగ్గర ఉండాల్సింది శరీర నిర్మాణం మీద పట్టు, రాసి ఉన్న మాటను రాసినట్టే చదివే అలవాటు. ఈ రెండూ ఉంటే ఈ రంగంలో నిలబడతారు. ఇందుకు చేతి రక్తనాళాల కోడ్‌లను మించిన పరీక్ష లేదని నా అభిప్రాయం.

ముందు చేయి సంగతి చూద్దాం. మణికట్టు దగ్గర బొటనవేలి వైపు రేడియల్ ధమని, చిటికెనవేలి వైపు అల్నార్ ధమని ఉంటాయి. ఇవి అరచేతిలోకి వచ్చి రెండు వంపులుగా కలుస్తాయి. పైన ఉన్న వంపుకు (సూపర్‌ఫిషియల్ పామర్ ఆర్చ్) ప్రధానంగా అల్నార్ నుంచి, లోపలి వంపుకు రేడియల్ నుంచి రక్తం అందుతుంది. అక్కడి నుంచి వేళ్లకు కొమ్మలు వెళ్తాయి. జబ్బులకు, గాయాలకు కోడ్‌లు ఇచ్చే ఐసీడీ పుస్తకంలో ఎస్65 అనే విభాగం ఈ బొమ్మనే అనుసరిస్తుంది: ఎస్65.0 అల్నార్, 65.1 రేడియల్, 65.2 పై వంపు, 65.3 లోపలి వంపు, 65.4 బొటనవేలి నాళాలు, 65.5 మిగతా వేళ్లవి. చేయి బొమ్మ మనసులో ఉన్నవాళ్లకు ఈ వరుస విడిగా గుర్తుపెట్టుకోవాల్సిన పని ఉండదు.

మన దేశంలో కోడర్లకు దొరికే ఉద్యోగాల్లో ఎక్కువ భాగం అమెరికా ఆస్పత్రుల పని. అక్కడ 2015 అక్టోబరు 1 నుంచి ఐసీడీ-10-సీఎం వాడుతున్నారు. ఆ పద్ధతిలో మన నోట్‌ను చూద్దాం. తెగింది పై వంపు, కాబట్టి ఎస్65.2. తర్వాతి అంకె దగ్గరే కొత్తవాళ్లు తడబడతారు. రెండు వంపుల విషయంలో మాత్రమే ఈ పుస్తకం చిన్న కోత, పెద్ద కోత అని తేడా చూపుతుంది. నాళం కొంత మేర తెగినా, ఎంత తెగిందో రాయకుండా ‘తెగింది’ అని మాత్రమే ఉన్నా చిన్న కోతే. పూర్తిగా తెగినా, చిట్లినా పెద్ద కోత. డాక్టర్ ‘పూర్తిగా’ అని రాశారు కాబట్టి ఎస్65.22. ఎడమ చేయి కాబట్టి 2, చికిత్స నడుస్తోంది కాబట్టి చివర ఏ. మొత్తం కలిపితే ఎస్65.222ఏ. ఆ ‘పూర్తిగా’ అన్న మాట నోట్‌లో లేకపోతే కోడ్ ఎస్65.212ఏ అయ్యేది. ఒక్క మాటతో కోడ్ మారిపోయింది చూడండి.

పని అంతటితో అయిపోదు. చర్మం మీది గాయానికీ కోడ్ ఇవ్వాలి. గాయంలో చొప్ప ముక్కలు ఉన్నాయి కాబట్టి అది బయటి పదార్థం ఉన్న గాయం, ఎస్61.422ఏ. శుభ్రమైన కోత అయితే ఎస్61.412ఏ. ప్రమాదం ఎలా జరిగిందో చెప్పడానికి వ్యవసాయ యంత్రం కోడ్ డబ్ల్యూ30.89ఎక్స్‌ఏ. మధ్యలో ఉన్న ఎక్స్ ఖాళీ గడిని నింపడానికే. అది లేకపోతే ఏ తన ఏడో స్థానంలోకి చేరదు. ఇక వీటిలో ఏది ముందు రాయాలి? ప్రధాన గాయం రక్తనాళానిదే అయితే దాని కోడే ముందు. గాయం వేరే చోట ప్రధానంగా ఉండి, నాళానికి స్వల్పంగా తగిలితే నాళం కోడ్ వెనక్కి వెళ్తుంది.

చివరి అక్షరం గురించి ఒక అపోహ బాగా పాతుకుపోయింది. ఏ అంటే మొదటిసారి ఆస్పత్రికి రావడం, డి అంటే రెండోసారి అని కొన్ని చోట్ల చెబుతున్నారు. అది తప్పు. గాయానికి అసలు చికిత్స జరుగుతున్నంత కాలం, రోగి ఎన్నిసార్లు వచ్చినా ఏ. మానుతున్న దశలో కట్టు మార్చడానికో, కుట్లు విప్పించుకోవడానికో వస్తే డి. గాయం మానాక మిగిలిపోయిన ఇబ్బందికి ఎస్. ఇంటర్వ్యూల్లో ఈ ప్రశ్న అడిగితే జవాబు ఇలాగే చెప్పండి.

నోట్‌లో ‘అరచేతిలో నాళం తెగింది’ అని మాత్రమే ఉందనుకోండి. చాఫ్ కట్టర్ అంటే పూర్తిగా తెగే ఉంటుంది కదా అని ఊహించి రాయకూడదు. డాక్టర్‌కు క్వెరీ పంపాలి. అందులోనూ ‘పూర్తిగా తెగిందని రాయమంటారా?’ అని జవాబు మనమే అందించకూడదు. ఏ నాళం, ఎంతవరకు తెగిందో చెప్పమని అడగాలి. అలాగే గుండెకు యాంజియోగ్రామ్ చేసేటప్పుడు మణికట్టు దగ్గర రేడియల్ ధమని దెబ్బతింటే, అదే ధమని కదా అని ఎస్65 వైపు వెళ్లకూడదు. అది చికిత్సలో వచ్చిన చిక్కు, దాని కోడ్‌లు వేరే చోట ఉంటాయి.

ఈ పని అమెరికా కోసమే అనుకోవద్దు. ఆరోగ్యశ్రీ మొదటి విడత 2007 ఏప్రిల్ 1న మొదలైన మూడు జిల్లాల్లో అనంతపురం ఒకటి. మిగతావి మహబూబ్‌నగర్, శ్రీకాకుళం. ఇప్పుడు డాక్టర్ ఎన్టీఆర్ వైద్యసేవగా నడుస్తున్న ఆ పథకంలో ప్రతి చికిత్సకూ ప్యాకేజీ కోడ్ ఉంటుంది. ప్రైవేటు ఆరోగ్య బీమా క్లెయిమ్ ఫారంలో ఆస్పత్రి నింపే భాగంలో ఐసీడీ-10 కోడ్ గడి ఉంటుంది. అక్కడ వాడేది ప్రపంచ ఆరోగ్య సంస్థ పుస్తకమైతే మన కేసు ఎస్65.2 దగ్గరే ఆగిపోతుంది. కుడి ఎడమలు, చిన్న పెద్ద కోతలు అందులో ఉండవు. 2022 జనవరి 1 నుంచి ఐసీడీ-11 కూడా అమల్లోకి వచ్చింది. కాబట్టి బత్తలపల్లి ఆర్డీటీ ఆస్పత్రి, అనంతపురం సర్వజన ఆస్పత్రి లాంటి చోట్ల మెడికల్ రికార్డుల విభాగం ఏం చేస్తుందో వీలైతే అడిగి తెలుసుకోండి.

అమెరికా పనికి ఎక్కువగా అడిగే అర్హత ఏఏపీసీ అనే సంస్థ ఇచ్చే సీపీసీ సర్టిఫికెట్. పరీక్షలో 100 ప్రశ్నలు, 4 గంటలు, 70 శాతం వస్తే పాస్. కోడ్ పుస్తకాలు దగ్గర పెట్టుకునే రాయొచ్చు. అనుభవం లేకుండా పాసైతే పేరు చివర అప్రెంటిస్ గుర్తు ఉంటుంది, అది కొంత అనుభవం వచ్చాక పోతుంది. చాలా కంపెనీలు సర్టిఫికెట్ లేని ఫ్రెషర్లను కూడా తీసుకుని శిక్షణ ఇస్తాయి. ఉద్యోగాలు మాత్రం హైదరాబాద్, చెన్నై, బెంగళూరుల్లోనే ఎక్కువ. మనకు బెంగళూరు దగ్గర. ఇది కాల్ సెంటర్ పని కాదు. ఫోన్‌లో గడగడా ఇంగ్లిష్ మాట్లాడలేనని తెలుగు మీడియం పిల్లలు వెనక్కి తగ్గొద్దు. చదివి అర్థం చేసుకునే ఇంగ్లిష్ మాత్రం తప్పనిసరి.

కంప్యూటర్లే కోడ్‌లు ఇచ్చేస్తున్నాయి కదా అన్న భయంలో నిజం లేకపోలేదు. ఎక్స్‌రే రిపోర్టులాంటి తేలికపాటి చార్ట్‌లు ముందుగా యంత్రాల చేతికి పోతాయి. ఆపరేషన్ నోట్‌లు, ప్రమాద కేసులు చదివి తప్పు పట్టగలిగేవాళ్ల అవసరం ఎక్కువ కాలం ఉంటుందని నా నమ్మకం. అందుకే సులువైన విభాగం చూసుకుని చేరిపోకండి.

ఇక ఫీజుల మాట. ‘ఉద్యోగం గ్యారంటీ’ అని రాసిన బ్యానర్ చూసి అమ్మానాన్నల చేత అప్పు చేయించొద్దు. ఐసీడీ-10-సీఎం జాబితా, దాని మార్గదర్శకాలు అమెరికా ప్రభుత్వ వెబ్‌సైట్లలో ఉచితంగా దొరుకుతాయి. ప్రపంచ ఆరోగ్య సంస్థ పుస్తకాలూ అంతే. చికిత్సలకు వాడే సీపీటీ పుస్తకానికి మాత్రం డబ్బు పెట్టాలి. మనం చూసిన నాళం కుట్టుకు అందులో కోడ్ 35207. ముందు రెండు మూడు నెలలు ఇంటర్ జువాలజీ పుస్తకం, ఉచిత జాబితా పక్కపక్కన పెట్టుకుని చదవండి. ఇష్టంగా అనిపిస్తేనే ఇన్‌స్టిట్యూట్‌కు వెళ్లండి. అక్కడ డెమో క్లాసులో ఒక ఆపరేషన్ నోట్ ఇచ్చి కోడ్ చేసి చూపించమని అడగండి. ఏ పుస్తకం, ఏ ఏడాదిది వాడుతున్నారో కూడా చూడండి. ఐసీడీ-10-సీఎం కోడ్‌లు ఏటా అక్టోబరు 1న మారతాయి. పాత పుస్తకంతో పాఠం చెప్పే చోట ఫీజు కట్టకండి.