అరసరత్నము: వలందు కంపెనీ పత్రములయందలి తెలుగు తీరము

వలస సామ్రాజ్యముల చరిత్రకు ఆధారములైన పత్రములలో అధికభాగము ఆ సామ్రాజ్యములను నిర్మించినవారు వ్రాసికొన్నవే. వానినుండి దేశీయుల వృత్తాంతమును గ్రహించు టెట్లు? ఈ ప్రశ్నకు తమ రచనలచే సమాధానము చూపినవారిలో సిన్నప్ప అరసరత్నము (1930–1998) ముఖ్యుడు. జాఫ్నా ప్రాంతమున జన్మించిన ఈ చరిత్రకారుడు, 1602లో స్థాపితమైన వలందుల ఈస్టిండియా కంపెనీ దస్తావేజులను శోధించి, సింహళమున వలందుల అధికారమును గూర్చి 1958లోను, 1650–1740 నడుమ కోరమాండల్ తీరపు వర్తకమును గూర్చి 1986లోను గ్రంథములు ప్రకటించెను.

ఈ రెండింటిని చేర్చి చదివినప్పుడు ఒక విశేషము తేటపడును. సింహళమున కంపెనీ 1658 నాటికి పోర్చుగీసులను వెడలగొట్టి, దాల్చినచెక్కపై గుత్తాధిపత్యమును నిలుపుకొనుటకై తీరభూములను ఏలెను. చెక్క నొలుచు సలాగమ కులమువారి వెట్టిసేవను తన వశము చేసికొనెను. ఎదుటి తీరమున ఆ కంపెనీయే బేరగాడు. పులికాటులో 1613 నాటికి కోట కట్టుకొన్నను, మచిలీపట్టణమున మాత్రము అది గోల్కొండ ప్రభుత్వపు అనుమతిపై ఆధారపడి వర్తకము సాగింపవలసి వచ్చెను. దాల్చినివలె వస్త్రము ఒక్కచోట చేజిక్కునది కాదు. అది అనేక గ్రామముల మగ్గములపై నేయబడి, నేతగాండ్రకు బయానా లిచ్చు వర్తకుల ద్వారా రేవుకు చేరెడిది. 1611లో ఆంగ్లేయులును వచ్చుటచే కొనువారు పెక్కురైరి. కావున సామ్రాజ్యము కంపెనీ సంకల్పమాత్రమున ఏర్పడలేదు. సరకు స్వభావము, స్థానిక ప్రభుత్వపు బలము దానికి హద్దులు నిర్ణయించినవి.

కంపెనీ ఉద్యోగులు వర్తకులను మాట తప్పువారని, బాకీదారులని నిందించిరి. ఆ నిందను యథాతథముగ గ్రహించినచో చరిత్ర కంపెనీ పక్షమగును. సరకును వేరొకరికి అమ్మగల శక్తి వర్తకునకు ఉన్నప్పుడే అట్టి ఫిర్యాదు పుట్టునని తెలిసికొన్నచో, ఆ వాక్యమే వర్తకుని పక్షమున సాక్ష్యమగును. 1687లో గోల్కొండ పతనమైన పిమ్మట రాజకీయ కల్లోలము హెచ్చగా, ఆ స్వాతంత్ర్యము క్రమముగా సన్నగిల్లిన విధమును సైతము అరసరత్నము నిరూపించెను.

ఈ కృషిని కొనసాగించుటకు చరిత్రజ్ఞానము మాత్రమే చాలదు. ఆ పత్రములలో తెలుగు వర్తకుల పేర్లును, గ్రామనామములును పరభాషా లేఖకుల చెవికి సోకినట్లు వ్రాయబడినవి; ద్రాక్షారామము ‘దాట్‌చెరొన్’ అయినది. తెలుగు ధ్వనులను, గృహనామములను, వృత్తిపదములను ఎరిగినవారే వానిని స్వస్థానమునకు చేర్పగలరు. మచిలీపట్టణములోని వలందపాలెము పరదేశీయుల పేరును నేటికిని భద్రపరచియున్నది. పరదేశీయుల పత్రములలో మరుగుపడిన తెలుగు పేర్లను గుర్తించుట తెలుగు భాషాశాస్త్రజ్ఞుల వంతు.